చింతగింజ పైకి లేచిన రోజు

ముప్పై మూడేళ్లు హైస్కూలు పిల్లలకు భౌతికశాస్త్రం చెప్పి రిటైరయ్యాను. వక్రీభవనం పాఠం ఏటా చెప్పాను. నీళ్లలోంచి గాలిలోకి వచ్చేటప్పుడు కాంతి ఎలా వంగుతుందో కళ్లు మూసుకుని బోర్డు మీద గీయగలను. కానీ ఒళ్లు పులకరించేలా ఆ పాఠం చెప్పింది మాత్రం ఒక్కసారే. ఆ రోజు నా ముందు బోర్డు లేదు, పిల్లలు లేరు. చిలకలూరిపేటలో మా ఇంటి వరండాలో కూర్చుని, చెవికి ఫోను ఆనించుకుని, పర్చూరు దగ్గర పత్తి చేలో ఉన్న కూలీ ఆడవాళ్లతో మాట్లాడుతున్నాను. అది తలుచుకుంటే ఇప్పటికీ కుర్చీలో కుదురుగా కూర్చోలేను!

కొత్తగా ఉద్యోగాల్లో చేరిన టీచర్లు కొందరు "మేడం, మీ అనుభవాలు రాయండి" అని పట్టుబట్టారు. ప్రమోషన్లు, బదిలీల కౌన్సెలింగులు మీకు ఎలాగూ తెలిసొస్తాయి, వాటి జోలికి పోను. నేను చేసిన రెండు తప్పులు రాస్తాను. నిజానికి రెండూ ఒకటే తప్పు. మధ్యలో పాతికేళ్ల పైన గడిచాయి, అంతే తేడా.

నల్ల చేతులు

మొదటి తప్పు వేటపాలెంలో చేశాను. చేరి మూడు నెలలు కాలేదు. ఎనిమిదో తరగతిలో నాగమణి అనే పిల్ల నోటుపుస్తకం నిండా నల్లటి వేలిముద్రలు. "చేతులు కడుక్కోవడం కూడా నేనే నేర్పాలా?" అని క్లాసులో నిలబెట్టి తిట్టి పంపు దగ్గరికి పంపాను. కడుక్కుని వచ్చింది, అవే నల్ల చేతులు. మళ్లీ పంపాను. ఈసారి ఆ పిల్ల తిరిగి రాలేదు. మర్నాడు బడికే రాలేదు.

అప్పటి మా హెడ్మాస్టరు పంచె కట్టుకునే పెద్దమనిషి. తక్కువ మాట్లాడేవారు. "సాయంత్రం నాతో రా అమ్మాయ్" అన్నారు. తిన్నగా నాగమణి ఇంటికి తీసుకెళ్లారు. ఇంటిల్లిపాదీ కింద కూర్చుని జీడిపిక్కలు కొడుతున్నారు. హెడ్మాస్టరు గారు నా చేతిలో కూడా ఓ కొయ్య పెట్టి "నువ్వూ ఓ పది కొట్టమ్మా" అన్నారు. కొట్టాను. పెంకులోంచి కారే నూనె వేళ్లకు అంటుకుంది. ఇంటికెళ్లి సబ్బు పెట్టాను, కిరోసిన్ పెట్టాను, నిమ్మచెక్క రుద్దాను. ఆ నలుపు కదిలితే ఒట్టు. చర్మం పొర ఊడే దాకా అలాగే ఉంది. అన్నాళ్లూ ఆ చేతులతోనే సుద్దముక్క పట్టుకుని పాఠాలు చెప్పాను. నా వేళ్లు చూసి నాగమణి కిసుక్కున నవ్వింది. అలా నవ్వినందుకు నాకు ఎంత సంతోషమేసిందో!

"ఇంటికెళ్లి చూడకుండా పిల్లని తిట్టకు" అన్నారాయన. బుద్ధిగా తలూపాను. బుద్ధి వచ్చిందనే అనుకున్నాను.

ఉందా, లేదా

ఇక రెండోది. కరోనాతో బళ్లు మూతపడిన ఏడాది నేను పర్చూరు దగ్గర ఒక ఊరి హైస్కూల్లో పనిచేస్తున్నాను. పదో తరగతి నాదే. పాఠాలు ఫోన్లో చెప్పాలన్నారు. మా ప్రధానోపాధ్యాయులు కోటేశ్వరరావు గారు ఒక ఫారం తయారుచేశారు. పిల్లల పేర్లు, ఎదురుగా ఒక ప్రశ్న: ఇంట్లో స్మార్ట్‌ఫోను ఉందా, లేదా? కోటేశ్వరరావు గారు మంచివారే, కానీ ఫారంలో గడి ఖాళీగా కనిపిస్తే ఆయనకు అన్నం సయించదు. గడి నిండితే చాలు, నిండిందేమిటో అక్కర్లేదు. ఆయన మీద ఆ కోపం నాకు ఇంకా ఉంది. ఆ గడులు నింపింది నేనే కాబట్టి కోపం సగంలోనే ఆగిపోతుంది.

ఇంట్లో కూర్చుని అందరికీ ఫోన్లు చేశాను. షేక్ రమీజా మా క్లాసులో చురుకైన పిల్ల. వాళ్ల నాన్న బాజి గారు చిలకలూరిపేటలో ఒక పత్తి జిన్నింగ్ మిల్లులో హమాలీ.

"బాజి గారూ, మీ ఇంట్లో టచ్ ఫోను ఉందా అండీ?"

"ఉందమ్మా! లేకపోవడమేంది, ఇదుగో దాంట్లోనేగా మాట్లాడతన్నా!"

ఉంది అని రాసుకున్నాను. తర్వాత సాంబయ్య గారు. పత్తి, మిరప వేసే రైతు. వాళ్లబ్బాయిదీ అదే క్లాసు.

"మాకెక్కడియ్యమ్మా అట్టాంటి ఫోన్లు! మేం అంతటోళ్లమా!" అన్నారు. ఆయన ఆ మాటంటుండగానే వెనకాల వీడియోలో ఎవరో జోకు వేయడం, ఇంట్లో వాళ్లు పకపకా నవ్వడం నాకు శుభ్రంగా వినిపించింది. అయినా లేదు అనే రాసుకున్నాను. చెప్పింది రాసుకోవడమే నా పని అనుకున్నాను.

కొన్నాళ్లకు ఒక కోల్డ్ స్టోరేజీ యజమాని పిల్లల కోసం అయిదు ఫోన్లు ఇచ్చారు. జాబితాలో లేదు అని ఉన్నవాళ్లకు పంచాం. అందులో ఒకటి సాంబయ్య గారింటికి వెళ్లింది. నేనే నా చేతులతో ఇచ్చి, మాస్కు సర్దుకుని ఫోటో కూడా దిగాను.

నా వీడియోల వైభవం

ఒప్పుకుంటాను, ఆ రోజుల్లో నాకు కాస్త తలకెక్కింది. వరండాలో బోర్డు నిలబెట్టి, మా ఆయన చేత ఫోను పట్టించి పాఠాలు తీసేదాన్ని. మధ్యలో కుక్కరు విజిల్ వేసేది, పక్కింటి కోడి వచ్చేది. మళ్లీ మొదటి నుంచి తీసేదాన్ని. క్లాసు వాట్సాప్ గ్రూపులో పెట్టగానే దండాల బొమ్మలు, చప్పట్ల బొమ్మలు. యాభై ఏడేళ్ల వయసులో నేనో సినిమా హీరోయిన్‌నైనంత సంబరం.

ఎవరు చూశారో, ఎవరు చూడలేదో కూడా ఫోను చెబుతుంది కదా. రమీజా పేరు ఒక్క రోజూ కనిపించలేదు. వారం చూశాను, రెండో వారం చూశాను. ఫోను ఉంది, తెలివి ఉంది, మరేం రోగం? ఒళ్లు మండి వాళ్ల నంబరుకు మాటలు రికార్డు చేసి పంపాను. "ఏమ్మా రమీజా, చేతిలో ఫోను పెట్టుకుని కూడా పాఠం వైపు తొంగి చూడవా? చదువు ఇష్టం లేకపోతే చెప్పు, నీ పేరు తీసేసి నా మానాన నేనుంటాను."

జవాబు రాలేదు. పాపం కోటేశ్వరరావు గారు మాత్రం "మందలించారుగా, ఆ గడి కూడా నిండింది" అన్నారు.

పత్తి చేలో

ఎనిమిది రోజులు గడిచాక మనసు పీకి స్కూటీ వేసుకుని ఊరికి వెళ్లాను. రమీజా వాళ్లింటికి తాళం. పక్కింటావిడ సాంబయ్య గారి పత్తి చేలో ఉంటారని చెప్పింది.

చేలో ఇరవై మంది దాకా సాళ్ల వెంట నడుస్తూ పత్తి తీస్తున్నారు. వాళ్లలో నడుముకు ఒడి కట్టుకుని, తల మీద తువ్వాలు వేసుకుని రమీజా. పక్క సాలులో వాళ్లమ్మ. నన్ను చూసి ముందుగా వచ్చింది ముఠా మేస్త్రి అంకమ్మ. కూలీలను ఆటోలో తీసుకొచ్చేదీ, తీసుకెళ్లేదీ ఆవిడే.

"మేడమ్ గారూ, ఆ పిల్లని ఇంకేం అనబాకండి. అనాల్సిందంతా ఫోన్లో అన్నారుగా. మిల్లులో పదిమందీ విన్నారంట."

రమీజా ఉన్న సాలులోకి నడిచాను. రమీజాను అడిగాను. చేతులు ఆపకుండానే చెప్పింది.

"ఫోను నాన్న దగ్గరుంటది మేడం. లారీ వస్తే మిల్లోళ్లు ఫోన్ చేసి పిలుస్తారు. అది లేకపోతే పనికి వేరేవాళ్లని పెట్టుకుంటారు. మీరు పంపింది ఏందో తెలియక నాన్న అందరి ముందూ గట్టిగా పెట్టాడంట."

"మరి ఇంట్లో ఫోను ఉందని ఎందుకు చెప్పారమ్మా?"

"ఉందిగా మేడం."

ఉంది. పొద్దున్నే వెళ్లిపోతుంది, చీకటి పడ్డాక చార్జింగు అయిపోయి వస్తుంది. నేను అడిగిన దానికి వాళ్లు నిజమే చెప్పారు.

"ఇంక బడి చాల్లే అన్నాడు నాన్న. నిజంగా చదివే పిల్లవైతే టీచర్ అంత మాట ఎందుకంటది అన్నాడు" అంది రమీజా. అప్పుడు కూడా తలెత్తలేదు. ముళ్లలా ఉండే పత్తికాయ పెంకులు గీరుకుని ఆ పిల్ల వేళ్ల చివర్లు ఎర్రగా ఉన్నాయి. వేటపాలెం గుర్తొచ్చింది. సిగ్గుతో చచ్చిపోయాను. ఆ పిల్ల చదువు ఆగిపోతే దానికి కారణం కరోనా కాదు, నేను.

అక్కడే అంకమ్మను అడిగాను. "నీ దగ్గర ఫోనుందా?"

"డబ్బా ఫోను. దాంట్లో బొమ్మలు రావు."

"మాటలొస్తాయా?"

"మాటలకేం, పక్క చేలోకి కూడా వినపడతయి!"

అన్నాల వేళ అరగంట ఖాళీ ఉంటుందట, ఒంటిగంట నుంచి ఒంటిగంటన్నర దాకా. ఆ అరగంట నాకు ఇమ్మన్నాను. తిరుగు దారిలో మిల్లు గేటు దగ్గర ఆగి బాజి గారిని పిలిపించాను. అదే పదిమంది ముందు "తప్పు నాదండీ. మీ అమ్మాయి మంచి పిల్ల. తెలుసుకోకుండా నోరు పారేసుకున్నాను" అన్నాను. ఆయన కంగారుపడిపోయి "అయ్యయ్యో, పెద్దోళ్లు, మీరట్టా అనబాకండి" అన్నారు. మరి బడి తెరిస్తే పంపుతారా అంటే మాత్రం "చూద్దాం మేడం" అన్నారు. ఆ చూద్దాం నన్ను నెలరోజులు కుదురుగా ఉండనివ్వలేదు.

చింతగింజ

మొదటి రెండు రోజులు ఘోరంగా చెప్పాను. పతన కిరణం, వక్రీభవన కోణం, లంబం అంటూ పుస్తకం చదివేస్తున్నాను. మూడో రోజు అంకమ్మే మధ్యలో అందుకుంది. "మేడమ్ గారూ, మీరు ఎదురుగా బోర్డుందనుకుని మాట్లాడతన్నారు. ఇక్కడ బోర్డు లేదు, అన్నం గిన్నెలున్నయ్."

ముప్పై ఏళ్ల సర్వీసులో ఏ ఇన్స్పెక్షన్ ఆఫీసరూ నా పాఠం మీద ఇంత మంచి మాట చెప్పలేదు!

"సరే, లోతుగా ఉన్న గిన్నె ఒకటి తీసుకోండి. అడుగున రూపాయి బిళ్ల వేయండి."

"చేలోకి రూపాయి బిళ్లలు ఎవరు తెస్తారండీ? పులుసులో చింతగింజ వచ్చింది, పనికొచ్చిద్దా?"

"భేషుగ్గా పనికొస్తుంది! కదలకుండా మెత్తటి మెతుకుతో అడుగున అంటించండి. రమీజా, గిన్నెలోకే చూస్తూ మెల్లగా వెనక్కి జరుగు. గింజ అంచు చాటుకు పోగానే ఆగు."

"పోయింది మేడం. కనిపించట్లా."

"తల కదపకు. అంకమ్మా, ఇప్పుడు గిన్నెలో మెల్లగా నీళ్లు పోయి."

నాకేమీ కనిపించదు. ఫోను చెవికి నొక్కిపెట్టి వింటున్నాను. నీళ్లు పడుతున్న చప్పుడు. ఆ తర్వాత ఒక్క కేక!

"వచ్చింది! మేడం, గింజ వచ్చింది! పైకొచ్చింది!"

ఇక చూడండి గోల. "జరగవే, నన్ను చూడనియ్యి." "నువ్వు తల కదిపావు, దొంగ." "ఆ నీళ్లు పారబోసి మళ్లీ పొయ్యండి." "ఏదీ, నా గిన్నెలో చేద్దాం." ఇరవై మంది ఆడవాళ్లు అన్నాలు వదిలేసి గిన్నెల చుట్టూ మూగారు. రమీజా వాళ్లమ్మ "అల్లా, ఇదేం వింత!" అంటోంది. ఆ కేకలు వింటూ, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని, నేను వరండాలో ఒక్కదాన్నే చప్పట్లు కొడుతున్నాను. మా ఆయన పెరుగన్నం ముద్ద చేతిలో పట్టుకుని బయటికి వచ్చి, నాకేమైందోనని చూస్తున్నాడు.

ఇంతలో ఫోన్లోంచి మోటారు సైకిలు చప్పుడు. ఆగింది. సాంబయ్య గారి గొంతు.

"ఏందే ఇది? ఒంటిగంటన్నర దాటింది. పని మానేసి గిన్నెల్లో ఏం చూస్తన్నారే?"

"సైన్సండీ" అంది అంకమ్మ, అదేదో రోజూ ఉండేదే అన్నట్టు. "మీరూ వంగి చూడండి. పోయిందా గింజ? ఆగండి, నీళ్లు పోస్తన్నా."

మళ్లీ గిన్నెలో నీళ్లు పడుతున్న చప్పుడు.

"ఓర్నీ!" అన్నారు సాంబయ్య గారు. "మళ్లీ పొయ్యి."

ఆయన మూడుసార్లు పోయించుకున్నారట. ఆ గోలంతా సద్దుమణిగాక రమీజా ఫోను దగ్గరికి వచ్చి మెల్లగా అడిగింది. "మేడం, గింజ మెతుకుతో అంటించే ఉంది కదా. అది లేవలేదు. మరి మేం పైన చూసింది గింజేనా?"

కుర్చీలోంచి లేచి నిలబడ్డాను. ఎన్ని వందలమందికి చెప్పానో ఈ పాఠం! పరీక్షలో వస్తుందా అని అడిగారు, బొమ్మకు ఎన్ని మార్కులని అడిగారు. ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు. "కాదమ్మా! గింజ ఉన్నచోటే ఉంది. దాని నుంచి వచ్చే కాంతి నీళ్లు దాటేటప్పుడు వంగి నీ కంటికి చేరింది. కాంతి తిన్నగా వచ్చిందనుకుని గింజ పైనుందని నీకు అనిపించింది. నువ్వు చూసింది దాని ప్రతిబింబం" అన్నాను.

"అయితే రేపు పుస్తకం తెచ్చుకుంటా మేడం" అంది.

మూడు ఫోన్ల సాంబయ్య గారు

మర్నాడు టీచర్లు మాత్రం బడికి రావాల్సిన రోజు. పొద్దున సాంబయ్య గారు బడికి వచ్చారు. మేము ఇచ్చిన ఫోనును డబ్బాతో సహా కోటేశ్వరరావు గారి బల్ల మీద పెట్టారు.

"ఇది ఎవరికన్నా ఇయ్యండి సార్. మా ఇంట్లో మూడున్నయ్. టచ్ ఫోను ఉందని రాయిస్తే తెల్ల రేషన్ కార్డు తీసేస్తారని ఊళ్లో అనుకున్నారు. భయపడి లేదని చెప్పా. మా చేలో పత్తి తీసే పిల్లకి లేకుండా మా ఇంట్లో నాలుగోది పెట్టుకున్నాం. బాగాలేదు."

కోటేశ్వరరావు గారు జాబితా తీసి దిగులుగా చూశారు. "రికార్డులో మీకు లేదని ఉందే!"

"రికార్డు సంగతి మీరు చూసుకోండి. ఫోను సంగతి నేను చూశా" అని సాంబయ్య గారు వెళ్లిపోయారు.

ఆ రోజు నుంచి ఇంటింటికీ కాళ్లతో తిరిగాను. పరువు కోసం ఉందన్నవాళ్లు, కార్డు కోసం లేదన్నవాళ్లు, ఉన్నా రీచార్జి లేనివాళ్లు, ఒకే ఫోనుకు ముగ్గురు పిల్లలున్నవాళ్లు. మా జాబితాలో సగం తలకిందులు. అప్పుడు ప్రశ్న మార్చాను. ఫోను ఉందా అని అడగడం మానేసి, పొద్దున పదింటికి మీ ఇంట్లో ఫోను ఎవరి చేతిలో ఉంటుంది అని అడిగాను. ఈ ప్రశ్నకు పరువు అడ్డురాదు, కార్డు భయం ఉండదు. అందరూ ఉన్నది ఉన్నట్టు చెప్పారు. మీరు ఈ వ్యాసంలో ఇంకేదీ గుర్తుపెట్టుకోకపోయినా ఈ ప్రశ్న గుర్తుపెట్టుకోండి.

ఇప్పుడు బళ్లలో పెద్ద తెరలు వచ్చాయి, పిల్లల చేతికి ట్యాబులు వచ్చాయి. వాటిని చూస్తే నాకు అసూయ! పాతికేళ్లు తక్కువుంటే ఆ తెరతో ఏమేం చేసేదాన్నో! యంత్రాల మీద నాకు అలిగే అలవాటు లేదు. కానీ ఇచ్చిన సాయంత్రం నుంచి ట్యాబు ఎక్కడ ఉంటోందో, ఎవరు చూస్తున్నారో మీరు వెళ్లి చూడాలి. దానికి ఏ యాపూ లేదు, చెప్పులే ఉన్నాయి.

సాంబయ్య గారిచ్చిన ఫోను రమీజాకు ఇచ్చాను. అటూ ఇటూ తిప్పి చూసి "చేలో నెట్టు రాదు మేడం. ఇది ఇంటి దగ్గర చూసుకుంటా. అన్నాలప్పుడు మాత్రం అంకమ్మత్త ఫోనే ఉంచండి" అంది. అలాగే ఉంచాం.

బడి తెరిచిన రోజు

పదో తరగతికి బడి తెరిచారు. అప్పటికి పత్తి చేలు తెల్లగా విచ్చుకుని ఉన్నాయి, కూలీలకు కొరత. బాజి గారి నుంచి మాట లేదు. హాజరు పిలిచాను. రమీజా పేరు దగ్గర ఎవరూ పలకలేదు. మళ్లీ పిలిచాను. లేదు అని గుర్తు పెట్టడానికి చెయ్యి రాలేదు. ఆ గడి ఖాళీగా వదిలేశాను. అది చూసి కోటేశ్వరరావు గారు ఒక్క మాట అనలేదు. అందుకు ఆయనకు ఒక దండం.

రెండో గంట మొదలయ్యాక గేటు దగ్గర ఆటో హారను. కిటికీలోంచి చూస్తే అంకమ్మ ముఠా. ముందు సీటులో డ్రైవరు పక్కన బాజి గారు, వెనక ఆడవాళ్ల మధ్య యూనిఫాంలో రమీజా. బాజి గారు దిగి లోపలికి వచ్చారు.

"మేడం, ఆ ఫారంలో మా ఇంట్లో ఫోను ఉందని రాయించా. కొట్టేసి, పగలు లేదని రాయండి" అన్నారు. తల వంచుకుని చెప్పలేదు, తిన్నగా నా మొహంలోకి చూస్తూ చెప్పారు. "పిల్లని మాత్రం ఉందని రాసుకోండి. రోజూ వచ్చిద్ది."

రిజిస్టరులో ఖాళీ గడి నింపాను. అక్షరాలు అలుక్కుపోయాయి, కళ్లజోడు తుడుచుకోవాల్సి వచ్చింది.

మీరు అడుగుతారు కాబట్టి చెబుతున్నాను, రమీజా ఇప్పుడు చీరాలలో డిగ్రీ ఆఖరి ఏడాది, ఫిజిక్స్. కానీ నేను చెప్పాలనుకున్నది ఇంకా అయిపోలేదు. గేటు దగ్గర ఆటో కదలలేదు. అంకమ్మ లోపలి నుంచే అరిచింది.

"ఏం మేడమ్ గారూ, పిల్లని తీసేసుకున్నారు, బానే ఉంది. మరి ఒంటిగంటకి మాకు ఫోన్ చేస్తారా, చెయ్యరా? మా పాఠం సగంలో ఉంది!"

నా ఏ జాబితాలోనూ వాళ్ల పేర్లు లేవు. ఉందా లేదా అని వాళ్లను ఎవరూ అడగలేదు. గట్టిగా తలూపాను.

ఒంటిగంటకు బడి వరండాలో నిలబడి అంకమ్మ నంబరు కొట్టాను. మొదటి రింగుకే ఎత్తింది. నేను నోరు తెరవబోతుంటే రమీజా నా మోచేయి పట్టుకుంది. "మేడం, ఈ రోజు నేను చెప్పనా?"

ఫోను ఆ పిల్ల చేతికిచ్చి, స్తంభానికి ఆనుకుని నిలబడ్డాను.

"అమ్మా, వినపడతందా? నిండుగా నీళ్లున్న సీసా పట్టుకో. దాని వెనక్కి, బాగా దగ్గరగా, ఓ పత్తిగింజ పెట్టు. పెట్టావా? ఇప్పుడు సీసాలోంచి చూడు. ఎట్టా ఉంది?"

సీసాలో నీళ్లు తొణికిన చప్పుడు. తర్వాత చేలోంచి వాళ్లమ్మ కేక బడి వరండా అంతా వినిపించింది.

"పెద్దదయిందే!"